పెద్దమ్మ పుస్తకంలో ఖాళీ పేజీలు

మా పెద్దమ్మ పోయింది. ఆ మంగళవారం పొద్దున నేను అబిడ్స్‌లోని నా డీటీపీ షాపులో ఎవరిదో గృహప్రవేశం కార్డు సరిచూస్తున్నాను. బైండర్ యాదగిరి ఫోన్ చేశాడు. "అక్కా, పెద్దమ్మ పోయింది. చాయ్ తాగి కుర్చీల కూసున్నదంట. గట్లనే పోయింది" అన్నాడు. మళ్లీ తనే, "షాపు బంద్ చేసి రా అక్కా" అన్నాడు.

ఆమెకీ నాకూ చుట్టరికం లేదు. మాది గుంటూరు వైపు నుంచి వచ్చి హైదరాబాదులో స్థిరపడ్డ కుటుంబం. ఆమె తండ్రిది నాంపల్లి పాత కుటుంబం, తల్లిది పశ్చిమ ఆఫ్రికాలోని ఘానా. మా సందులో అందరూ పెద్దమ్మ అనేవాళ్లు, నాకూ అదే అలవాటైంది. ఘానాలో ఆమె రాసిన పిల్లల పుస్తకాలు చదువుకుని పెరిగినవాళ్లు చాలామంది ఉన్నారట. ఇక్కడ మాత్రం ఆమె రచయిత్రి అని తెలిసింది ఒక బడి పిల్లలకీ, నాకూ, యాదగిరికీ. మీకూ తెలియాలని ఇది రాస్తున్నాను. ఏడవకుండా రాయాలని అనుకుంటున్నాను, ఎందుకంటే ఆమె ఓసారి నాతో అంది: "మా అమ్మోళ్ల దిక్కు నిండుగ బతికినోళ్లు పోతే తెల్లబట్టలు కట్టుకొని ఆడుతరు బిడ్డా. ఏడ్చుడు జర తక్కువ." అంత నిండుగా బతికిన మనిషిని నేను ఇంకొకరిని చూడలేదు.

తండ్రి లెక్కల మాస్టారు ఉద్యోగం మీద ఘానాలోని కుమాసి పట్నానికి వెళ్లాడు. అక్కడి బజారులో బట్టలమ్మే అమ్మాయిని పెళ్లి చేసుకున్నాడు. ఎనిమిదేళ్ల కూతుర్ని చదువు కోసమని తెచ్చి నాంపల్లిలో తన తల్లి దగ్గర దింపాడు. పెద్దమ్మకి అప్పటికి తెలుగు ఒక్క ముక్క రాదు, నాయనమ్మకి తెలుగు తప్ప ఇంకేదీ రాదు. ఆ రోజులు ఆమె చెబుతుంటే పొట్ట చెక్కలయ్యేది.

"నా నెత్తి దువ్వబోయి మా నాయనమ్మ మూడు దువ్వెనలు ఇరగ్గొట్టింది. నాలుగోనాడు దువ్వెన పక్కకు వెట్టి, ముంగట కూసోబెట్టుకొని వేళ్లతోనే సన్న జడలు అల్లింది. మా అమ్మ అల్లినట్టే! ఎవరు నేర్పిన్రో ఏమో. నాయనమ్మతోటి లడాయిల నేను గెలిచిన మొదటిసారి గదే."

ఇరవై ఏళ్లకి తిరిగి తల్లి దగ్గరికి వెళ్లి, కుమాసిలో చిన్న పిల్లల బడిలో టీచరుగా చేరింది. నలభై ఏళ్లు అక్కడే పాఠాలు చెప్పింది, ఇంగ్లీషులో పుస్తకాలు రాసింది. పెళ్లెందుకు చేసుకోలేదు పెద్దమ్మా అని ఓసారి చనువు కొద్దీ అడిగాను. "తీరలే" అంది. రిటైరయ్యాక నాంపల్లికి తిరిగొచ్చి, నాయనమ్మ ఇంట్లో తన వాటాకి వచ్చిన రెండు గదుల్లో దిగింది. తెలుగు మర్చిపోలేదు. కాకపోతే అది ఆమె వదిలి వెళ్లిననాటి తెలుగు. ఈ కాలం పిల్లలు వాడని మాటలు కూడా ఆమె నోట పదిలంగా ఉండేవి.

ఆమె మనిషి ఎలాంటిదో చెప్పడానికి ఒక్క సంగతి చాలు. నాంపల్లి మెట్రోలో టికెట్ కౌంటర్ దగ్గర ఒకతను ఆమెని ఎగాదిగా చూసి, ఏ దేశం మేడం అని హిందీలో అడిగాడు. "నాంపల్లి. నీదే ఊరు?" అంది తెలుగులో. అతను కంగారుపడి, నల్గొండ అన్నాడు. "మరి నువ్వే కదయ్యా దూరంకెల్లి వచ్చింది" అని టికెట్ తీసుకుని నడిచింది. వెనక లైన్లో ఉన్న నేను నవ్వాపుకోలేక ఒక రైలు వదిలేసుకున్నాను.

ఇంకో మాట కూడా చెప్పి తీరాలి. మా ఇంట్లోనే ఎవరో, పాపం మంచి మనసుతోనే, "సగం ఇక్కడ, సగం అక్కడ, ఎంత కష్టమో కదండీ" అన్నారు. పెద్దమ్మ ఆవిడకి ఓపిగ్గా వివరించింది. అక్కడ బిడ్డ తల్లి వంశానికి చెందుతుందట, ఇక్కడ తండ్రి వంశానికి. "అంటే ఆడ నేను పూర్తిగ ఆళ్లదాన్ని. ఈడ పూర్తిగ మీదాన్ని. సగం యాడున్నదమ్మా? అదే మా అమ్మ నాంపల్లిది, మా నాయన కుమాసోడు అయ్యుంటే రెండు దిక్కుల చుట్టాన్నే అవుదును. నా నసీబు మంచిది" అంది. అప్పటి నుంచీ మా ఇంట్లో ఎవరూ ఆమె ముందు సగం అన్న మాట ఎత్తలేదు.

ఆదివారాలు అబిడ్స్ పేవ్‌మెంట్ మీద పాత పుస్తకాలు పరుస్తారు కదా, అక్కడ ఆమె తప్పకుండా ఉండేది. పిల్లల పుస్తకాలే కొనేది, అదీ గీతలు గీసినవి, పిచ్చి బొమ్మలు వేసినవి ఏరి ఏరి. శుభ్రంగా ఉన్నది నేను చూపిస్తే పక్కన పెట్టేసేది. "గిది ఎవ్వడు చదవలే" అనేది. నాకు అప్పుడు అది ముసలితనపు చాదస్తం అనిపించింది. బుద్ధి తక్కువ నాదే.

ఇక అసలు సంగతికి వస్తాను. అందులో నేను చేసిన ఘనకార్యం ఉంది కాబట్టి ఇంతసేపూ దాటవేస్తూ వచ్చాను.

ఒకరోజు ఆమె నా షాపుకి ఒక ఫైలు తెచ్చింది. కుమాసిలో తను ఇంగ్లీషులో రాసిన కథ, తనే తెలుగులో మళ్లీ రాసుకుంది. వాన ఎక్కడ పడుకుంటుందో చూడాలని బయల్దేరిన మేకపిల్ల కథ. "మా అమ్మ కథ చెప్పే తీరు, మా నాయనమ్మ భాషల. నాకున్న కోరిక గిదొక్కటే బిడ్డా. ఆడ పబ్లిషర్లు నా తీరుగ వెయ్యమంటే వెయ్యలే. ఈడోళ్లు గూడ వద్దన్నరు. ఇగ నేనే ఏసుకుంట" అంది. పబ్లిషర్లు వద్దన్నది దేన్నో నేను అడగలేదు. భాష కాబోలు అనుకున్నాను. నాలుగు వందల కాపీలు. నాంపల్లిలో ఒక సర్కారు బడిలో పిల్లలకి చదివి వినిపించి పంచాలని తేదీ కూడా ఖాయం చేసుకుంది.

ఫైల్లో కాగితాల మధ్య అక్కడక్కడా తెల్ల కాగితాలున్నాయి, నాలుగు చోట్ల, చోటుకి రెండేసి. పెద్దావిడ, చేతికి అంటుకుని వచ్చుంటాయి అనుకున్నాను. మా పనిలో తెల్ల పేజీ అంటే తప్పు. పుస్తకంలో ఒక్క పేజీ తెల్లగా వచ్చినా కస్టమరు తెచ్చి మొహాన కొడతాడు. అందుకని ఆ తెల్ల కాగితాలు తీసి పక్కన పెట్టి, కథ వరసగా టైపు చేశాను. అక్షరాల ప్రూఫు పెద్దమ్మ చూసింది. పేజీలు కట్టాక చూపిద్దామంటే ఆమె కంటి ఆపరేషనుకి దవాఖానలో ఉంది. ఇరవై నాలుగు పేజీల్లో పొందిగ్గా సరిపోయిందని మురిసిపోయి, నేనే ఓకే చేసి ప్రెస్సుకి పంపేశాను.

నల్ల కళ్లద్దాలతో ఆమె షాపుకి వచ్చిన రోజు నాకు ఇప్పటికీ కళ్లకి కట్టినట్టు ఉంది. కట్టలు విప్పి ఒక పుస్తకం చేతిలో పెట్టాను. మెల్లగా తిప్పింది. చివరిదాకా తిప్పి, మళ్లీ మొదటికి వచ్చింది.

"ఖాళీలేవి బిడ్డా?"

"ఏ ఖాళీలు పెద్దమ్మా?"

"నేనిచ్చిన తెల్ల కాయితాలు."

"అవా? తీసేశాను. ఎనిమిది పేజీలు మిగిలాయి మీకు" అన్నాను. మెచ్చుకుంటుందని ఎదురు చూశాను కూడా.

ఆమె కళ్లద్దాలు తీసి బల్ల మీద పెట్టింది. అప్పుడు చెప్పింది. వాళ్ల అమ్మ ఊళ్లో కథ చెప్పేవాడు ఒక్కడే చెప్పుకుపోడట. వినేవాళ్లలో ఎవరికి ఊరికే ఉండబుద్ధి కాకపోతే వాళ్లు లేచి కథని ఆపేస్తారట, పాట ఎత్తుకుంటారట. అందరూ అందుకుంటారు. పాట అయ్యాకే మళ్లీ కథ. ఆ తెల్ల పేజీలు పిల్లలు కథని ఆపే చోట్లు. పబ్లిషర్లు వద్దన్నది వాటినే. కాగితం దండగన్నారట.

"నువ్వు నా నోరు మూయలే బిడ్డా. పోరగాండ్ల నోరు మూసినవు" అంది. గొంతు పెంచలేదు. తిట్టినా బాగుండేది. జీవితమంతా ఎవ్వరూ వెయ్యనన్న పేజీలు, తీరా ఆమె సొంతంగా వేసుకుంటే నా తెలివితేటలు మింగేశాయి. సిగ్గుతో తల ఎత్తలేకపోయాను. బడిలో చదివే రోజు ఇంకో నాలుగు రోజుల్లో ఉంది, మళ్లీ అచ్చు వేసే వ్యవధి లేదు.

మిగిలిన కట్ట దింపడానికి వచ్చిన యాదగిరి గుమ్మంలో నిలబడి అంతా విన్నాడు. "జర ఆగున్రి. పిన్ను కొట్టిన బుక్కే కదా. పిన్నులు గుంజి, నడుమ రెండు తెల్లకాయితాలు మడిచి పెట్టి మళ్ల పిన్ను కొడితే అయిపోతది" అన్నాడు. నాకు ప్రాణం లేచొచ్చింది. అంతలోనే అతనే, "కానీ ఒక్కటున్నది పెద్దమ్మా. మడిచిన కాయితం కదా, ముంగట సగంల ఒక ఆకు వస్తే ఎనుక సగంల గంత దూరంలనే ఇంకోటి వస్తది. మీకు కావాల్సిన కాడ రాదు. మాట నడుమల గూడ వస్తది" అన్నాడు.

పెద్దమ్మ పుస్తకం మూసి బల్ల మీద పెట్టింది. "ఏస్కో" అంది. అది ఒప్పుకోవడం కాదు, విసుగు. ఆమె పుస్తకం మాట మధ్యలో తెగిపోయి పిల్లల చేతికి వెళ్లబోతోందని నాకు తెలుసు.

రెండు రోజులు యాదగిరి, అతని భార్య, నేను పిన్నులు ఊడదీస్తూ కూర్చున్నాం. నాలుగు వందల పుస్తకాలు. కాగితాలు పెట్టేటప్పుడు ఒక పద్ధతి పాటిద్దామని నేనన్నాను. యాదగిరి భార్య నా వైపు జాలిగా చూసింది. "ఏ ఆకు దొరికితే ఆ ఆకు నడుమ పెట్టుడే అక్కా. గిట్ల లెక్క చూసుకుంట కూసుంటే దసరాకు అయితది" అంది. అలా ఏ పుస్తకంలో ఖాళీలు ఎక్కడ పడ్డాయో మాకే తెలియకుండా పోయింది. పెద్దమ్మకి ఆ సంగతి చెప్పే ధైర్యం చాలలేదు.

బడిలో హెడ్మాస్టరమ్మ పిల్లల్ని వరసగా కూర్చోబెట్టి, చేతులు కట్టుకోమంది. కథ మధ్యలో పిల్లలు ఆపొచ్చని పెద్దమ్మ చెబితే ఆవిడ మొహం మాడిపోయింది. "మధ్యలో లేస్తే ఇగ క్లాసు ఏం ఉంటదమ్మా?" అంది. ఇద్దరికో పుస్తకం ఇచ్చాం. పెద్దమ్మ నిలబడి చదవడం మొదలుపెట్టింది. పిల్లలు వేలు పెట్టి అక్షరాలు చూసుకుంటున్నారు. చీమ చిటుక్కుమనలేదు. మూడు పేజీలయ్యాయి. ఎవరూ ఆపలేదు. పెద్దమ్మ ఒకచోట తనే ఆగి అందరి మొహాలూ చూసింది. వాళ్లూ చూశారు. నాకు అక్కడి నుంచి పారిపోవాలనిపించింది.

ఆమె మళ్లీ అందుకుంది. మేకపిల్ల ముసలమ్మ తలుపు కొట్టే చోట, రెండో వరసలో రెండు జడల పిల్ల చెయ్యెత్తింది. "పెద్దమ్మా, నా బుక్కుల ఈడ ఏం లేదు."

పక్క వరసలో ఒకడు, "ఏందే, నా దాంట్ల ఉన్నది కదా" అన్నాడు.

"చూడు, తలుపు కొట్టి అని ఉన్నది, ఇగ ఏం లేదు" అని ఆ పిల్ల పుస్తకం పైకెత్తి అందరికీ చూపించింది. పెద్దమ్మ నా వైపు తిరిగింది. నేను నేల చూపులు చూశాను. ఆమె ఆ పిల్ల దగ్గరికి నడిచి, ఖాళీ పేజీ చూసి, "ఏం లేదంటే నువ్వు కథను ఆపినవన్నట్టు. ఇగ పాడు" అంది.

ఆ పిల్ల హెడ్మాస్టరమ్మని చూసింది. "నాకు పాటలు రావు."

"ఏదొస్తే గది."

ఆ పిల్ల కళ్లు గట్టిగా మూసుకుని రెండో ఎక్కం రాగంలో ఎత్తుకుంది. ముందు అందరూ పకపకా నవ్వారు. ఎక్కం సగానికి వచ్చేసరికి క్లాసు మొత్తం అందుకుంది. పది దాకా పాడి చప్పట్లు కొట్టుకున్నారు. పెద్దమ్మ తలుపు తెరిపించి కథ ముందుకి నడిపిందో లేదో, కిటికీ పక్కన ఉన్నవాడు లేచాడు. "నాది! నా దాంట్ల ఈడ ఖాళీ ఉన్నది!" ఆ తర్వాత ఇక ఆపడం ఎవరి తరం? చేతులు కట్టుకున్నవాళ్లు లేరు. ప్రతి పుస్తకం ఒక్కోచోట ఆగుతోంది, ప్రతివాడికీ తన వంతు కావాలి. ఒకడు బస్సు కండక్టరు కేకలు రాగంలో పాడాడు. చివరికి హెడ్మాస్టరమ్మ ఒళ్లో ఉన్న పుస్తకంలోనూ ఖాళీ వచ్చింది. పిల్లలంతా ఒక్కసారి ఆవిడ వైపు తిరిగారు. ఆవిడ పమిట సర్దుకుని, గొంతు సవరించుకుని, బతుకమ్మ పాట ఎత్తుకుంది. పావుగంట కథ, బడి వదిలే గంట కొట్టినా పూర్తి కాలేదు.

నాంపల్లి రోడ్డు మీద నడుస్తూ పెద్దమ్మ ఒక చోట ఆగిపోయింది. ఆపరేషను అయిన కన్ను తుడుచుకుంది. "నలభై ఏండ్ల సంది తప్పు చేసిన బిడ్డా. నాలుగు చోట్లు నేనే ఎంచిన. ఈడ ఆపున్రి, ఈడ పాడున్రి అని. మా ఊళ్లె జనం నన్ను అడిగి ఆపుతరా? ఎవనికి ఎక్కడ తిక్క పుడితే ఆడ ఆపుతరు. గది నాకు యాదికే రాలే. నీ తెలివి తక్కువ, యాదగిరోళ్ల తొందర, రెండు కలిసి మా అమ్మ కథ అసలు తీరుకు వచ్చింది" అంది. నా తెలివి తక్కువని అంత సంతోషంగా ఎవరూ ఎప్పుడూ తలుచుకోలేదు. నేనూ నవ్వాను, ఏడ్చాను, దారిన పోయేవాళ్లు చూసినా పట్టించుకోలేదు.

ఆ తర్వాత ఆమె తెలుగులో ఇంకో మూడు పుస్తకాలు వేసింది. మూడింటికీ యాదగిరికి ఒకటే ఆర్డరు: ఏ రెండు కాపీలూ ఒక్కలా ఉండకూడదు. పుస్తకం వెనక అట్ట మీద బైండింగ్ చేసినవారి పేరు వేయించింది. యాదగిరి ఒక కాపీ ఇంట్లో దేవుడి గూట్లో పెట్టుకున్నాడు. అట్ట మీద తన పేరు చూసుకోవడానికి తీసి, మళ్లీ అక్కడే పెడతాడు. ఆ బడి పిల్లలు నెలకోసారి ఆమెతో కథ చెప్పించుకునేవాళ్లు. చెప్పించుకునేవాళ్లు అనడం కంటే కథని ఆపేవాళ్లు అనాలేమో. పోయే ముందు నెల కూడా ఆటో కట్టించుకుని వెళ్లి వచ్చింది.

ఆమె పోయిన మూడు వారాలకి, పుస్తకం మీద అచ్చయిన నా షాపు చిరునామాకి కుమాసి నుంచి ఒక పార్సెల్ వచ్చింది. లోపల మా మేకపిల్ల పుస్తకం, తెలుగుదే, అంచులు నలిగిపోయి ఉంది. ఒక ఉత్తరం కూడా. రాసింది అక్కడి టీచరమ్మ. పెద్దమ్మ దగ్గర చదువుకుని, ఆమె పని చేసిన బడిలోనే ఇప్పుడు పాఠాలు చెబుతోందట. పెద్దమ్మ మాకెవరికీ చెప్పకుండా తెలుగు పుస్తకాలు కొన్ని ఆ బడికి పంపింది. అక్కడి పిల్లలకి ఒక్క అక్షరం తెలియదు. ఇవెలా చదవాలి టీచర్ అని అడిగితే, మీకు చదవడానికి వచ్చే పేజీల దగ్గర మొదలుపెట్టండి అందట ఆ టీచరమ్మ. ఖాళీ ఆకులు నాలుగూ రెండు వైపులా పెన్సిలుతో నిండిపోయి ఉన్నాయి. వాళ్ల పాటలు, వాళ్ల ట్వి భాషలో, ఇంగ్లీషు అక్షరాల్లో. మధ్యమధ్యలో నేనెప్పుడూ చూడని అక్షరాలు, తిప్పి రాసిన మూడు అంకె లాంటిదొకటి, తిప్పి రాసిన సీ లాంటిదొకటి. ఈ నగరంలో ఆ పుస్తకాన్ని మొదటి నుంచి చివరిదాకా చదవగలిగిన మనిషి ఒక్కతే, ఆమె లేదు. అప్పుడు మాత్రం నాకు చాలా దుఃఖం వచ్చింది, దాచను.

ఆ శుక్రవారం పుస్తకం తీసుకుని నాంపల్లి బడికి వెళ్లాను. పెద్దమ్మ నిలబడే చోటే నిలబడి కథ మొదలుపెట్టాను. మేకపిల్ల బజారు దాటే చోట తెలుగు ఆగిపోయి పెన్సిలు రాత వచ్చింది. ఇది కుమాసి పిల్లల వంతు అని చెప్పాను. అక్షరాలు కూడబలుక్కుని, తప్పో ఒప్పో, నాకు తోచిన రాగంలో పాడాను. నా గొంతు సంగతి నాకు తెలుసు. మొదటిసారి పిల్లలు విన్నారు. రెండోసారి ముందు వరస అందుకుంది. మూడోసారి నేను పాడాల్సిన పని లేకపోయింది. అర్థం ఒక్కరికీ తెలియదు, ఎక్కడ గట్టిగా పాడాలో మాత్రం అందరికీ తెలిసిపోయింది. వాళ్లు ఎంతకీ ఆపడం లేదు. పేజీ ఎప్పుడు తిప్పాలో తెలియక, పుస్తకం తెరిచి పట్టుకుని అలాగే నిలబడ్డాను.